నలభై ఒకటో రోజు

"ఈ సంతకం మీదేనా అమ్మా?"

"నాదే సారూ."

"పక్కన తేదీ?"

"అది నేను రాయలేదు. నేను సంతకం పెట్టినప్పుడు ఆ గడి ఖాళీగా ఉన్నింది."

సంజీవ్ ఆ ఫోటోకాపీని తన వైపు తిప్పుకున్నాడు. సోమవారం ఉదయం ఎనిమిదీ పది. మస్కట్‌లోని ఘుబ్రాలో అడ్వొకేట్ సఫియా ఆఫీసు ఇంకా పూర్తిగా తెరవనే లేదు. మర్నాడు తొమ్మిదిన్నరకు కోర్టులో కాశమ్మ కేసు విచారణకు వస్తుంది. అతని చేతిలో ఉన్నది ఒక్క పగలు.

సంజీవ్ జగిత్యాల కోర్టులో పదకొండేళ్లు సమన్లు అందించే ఉద్యోగం చేసి మస్కట్ వచ్చినవాడు. ఇప్పుడు సఫియా కేసులకు సాక్ష్యాలు వెతికిపెడతాడు. ఒక కాగితం ఏ రోజు పుట్టింది, ఎవరి చేతిలోంచి ఎవరి చేతిలోకి పోయింది అన్నది అతనికి బాగా తెలిసిన విద్య.

ఎదురుగా కూర్చున్న కాశమ్మది కడప జిల్లా. మబేలాలో ప్రభుత్వం నడిపే వృద్ధుల సంరక్షణ కేంద్రంలో ఆరేళ్లు ఆయాగా చేసింది. కిందటి అక్టోబరు మొదట్లో అక్కడొక ముసలావిడ బాత్రూమ్‌లో పడి చెయ్యి విరగ్గొట్టుకుంది. కాశమ్మ కొట్టి తోసేసిందని రాసి, ఉద్యోగంలోంచి తీసేశారు. ఆ ఉత్తర్వును అక్టోబరు ఏడున ఆమె చేతికిచ్చామని కేంద్రం వాళ్ల రిజిస్టరు చెబుతోంది. ఇరవై ఆరున ఇచ్చారని కాశమ్మ చెబుతోంది.

"ఏడో తారీఖు ఏం జరిగింది? గంటలతో సహా చెప్పండి."

"పొద్దున ఆరుకు డ్యూటీకి పోతే సూపర్‌వైజర్ వాణి మేడం ఆపింది. ఎంక్వైరీ ఉంది, రూమ్‌లోనే ఉండమనింది. ఉన్నాను."

"ఆ రోజు కాగితం ఏమన్నా ఇచ్చిందా?"

"ల్యా. ఏమీ ఇయ్యలేదు."

జవాబు మరీ త్వరగా వచ్చింది. ఆమె చున్నీ అంచును వేలికి చుట్టుకుంటోంది. సంజీవ్ అది చూశాడు. చూసి కూడా ముందుకు పోయాడు.

"ఇరవై ఆరున?"

"ఆఫీసులోకి పిలిచినారు. జావెద్ సారు ఉన్నాడు. బుక్కు ముందర పెట్టి సంతకం పెట్టమన్నాడు. కాగితం చేతికిచ్చి, సాయంత్రానికి రూమ్ ఖాళీ చేయమన్నాడు."

తలుపు తెరుచుకుని సఫియా లోపలికి వచ్చింది. ఒమానీ లాయరు. సంజీవ్‌తో హిందీ, ఇంగ్లీషు కలిపి మాట్లాడుతుంది.

"మనం కేంద్రం డైరెక్టరుకు అప్పీలు పెట్టింది నవంబరు పదిహేడున. వాళ్ల సర్వీసు నిబంధనల్లో గడువు ముప్పై రోజులు. ఇరవై ఆరు నుంచి లెక్కిస్తే ఇరవై రెండో రోజున పెట్టాం. ఏడు నుంచి లెక్కిస్తే నలభై ఒకటో రోజు. ఆలస్యమైందని వాళ్లు అప్పీలు తిప్పికొట్టారు. రేపు కోర్టు కూడా అదే అంటే మన ఫైలు అక్కడే మూతపడుతుంది."

మేడం ఏమన్నదని కాశమ్మ అడిగింది. సంజీవ్ చెప్పాడు.

"అంటే నేను కొట్టినట్టేనా?"

"కొట్టిన్రా లేదా అని రేపు చూడరమ్మా. ఎప్పుడొచ్చిన్రో చూస్తరు."

"అట్లయితే కొట్టినట్టే గదా సారూ. కాగితంలో అదే ఉండిపోతాది."

సంజీవ్ ఫోటోకాపీ మడిచి లేచాడు.

*

కోర్టు అనుమతితో అసలు రిజిస్టరు చూడడానికి ఒక గంట దొరికింది. పదకొండు నుంచి పన్నెండు. కేంద్రం ఆఫీసులో జావెద్ స్వయంగా రిజిస్టరు తెచ్చి బల్ల మీద పెట్టాడు. ఉద్యోగుల వ్యవహారాలు చూసే అధికారి అతను. హైదరాబాద్ వాడు. సంజీవ్‌కు నాలుగేళ్లుగా పరిచయం. అతను పెట్టిన కాగితంలో సంజీవ్ తప్పు పట్టడం ఇది మూడోసారి కాబోతోందని ఇద్దరికీ తెలుసు.

"చూస్కో సంజీవ్ భాయ్. ముట్టుకో, వాసన చూడు. పన్నెండుకు మూసేస్త."

పేజీలో కొట్టివేతలు లేవు. ఇరికించి రాసిన వరుస లేదు. సిరా కూడా పైనా కిందా ఉన్న ఎంట్రీల సిరానే. ఒక వరుసను ఖాళీగా వదిలి తరవాత నింపడం సంజీవ్ చాలా రిజిస్టర్లలో చూశాడు. కానీ అలా జరిగి ఉండొచ్చు అన్న మాట కోర్టులో నిలబడదు.

అతను గడి గడీ చదువుకుంటూ పోయాడు. ఉత్తర్వు నంబరు. తేదీ, అక్టోబరు ఏడు. సమయం, ఉదయం పదీ ఇరవై. అందజేసిన చోటు, కాశమ్మ ఉండిన స్టాఫ్ రూమ్, నంబరు పద్నాలుగు. సంతకం.

"ఆ రూమ్ చూడాలె."

"రిజిస్టర్ చూడమన్నరు కోర్టోళ్లు. రూమ్ కాదు."

"రిజిస్టర్లో రూమ్ ఉంది. ఇంకా ముప్పై ఐదు నిమిషాలున్నయ్ నాకు."

జావెద్ లేచాడు. వెనక బ్లాకులో, పొడుగాటి వరండా చివర ఉంది ఆ గది. తలుపు మీద స్టీలు పలక, దాని మీద 14. గోడల రంగు కొత్తది. జావెద్ జేబులోంచి తాళంచెవి తీశాడు. దానికి కట్టిన ప్లాస్టిక్ బిళ్ల మీద నల్ల సిరాతో 9 అని ఉంది.

సంజీవ్ ఏమీ అనకుండా వరండా అవతలికి చూశాడు. నిచ్చెన మీద ఒకతను ట్యూబ్‌లైటు మారుస్తున్నాడు. చొక్కా మీద మెయింటెనెన్స్ కంపెనీ పేరు, దాని కింద నర్సింగ్ అన్న పేరు.

"నర్సింగన్నా, ఏ ఊరు మనది?"

"నిర్మల్ దిక్కు సార్."

"ఈ నంబర్లు ఎప్పుడు పెట్టిండ్రు?"

"మొన్న పెయింటింగ్ అయినంక నేనే పెట్టిన సార్. గంతకు ముందు గిది తొమ్మిది. రెండు బ్లాకులు కలిపి లెక్క మార్చిండ్రు."

"మొన్న అంటే?"

"తారీఖు యాది లేదు. ఫోటో ఉంటది. పని అయినంక ఫోటో పంపాలె, లేకుంటే పని అయినట్టు రాయరు."

అతను నిచ్చెన దిగి ఫోన్ తీశాడు. చాలాసేపు వెనక్కి జరిపి ఒక బొమ్మ చూపించాడు. ఇదే తలుపు, ఇదే పలక, పక్కన స్క్రూడ్రైవర్ పట్టుకున్న నర్సింగ్ చెయ్యి. అక్టోబరు పంతొమ్మిది, మధ్యాహ్నం మూడూ నలభై.

సంజీవ్ జావెద్ వైపు తిరిగాడు. "ఏడో తారీఖు రాసిన మనిషికి, పంతొమ్మిదిన పెట్టబోయే నంబరు ఎట్ల తెలిసింది?"

జావెద్ తాళంచెవిని మళ్లీ జేబులో వేసుకున్నాడు. నర్సింగ్ ఇద్దరినీ మార్చి మార్చి చూసి ఫోన్ జేబులో పెట్టుకోబోయాడు.

"సార్, నా పేరు రాయకుండ్రి. నాకు ఈడనే డ్యూటీ."

"ఫోటో పంపియ్యి అన్నా. నీ పేరు నేనై నేను చెప్ప. జడ్జి అడిగితే మాత్రం దాయలేను."

నర్సింగ్ ఒక క్షణం తటపటాయించి ఫోటో పంపాడు.

*

పన్నెండుకు ఐదు నిమిషాలు తక్కువ. తన క్యాబిన్‌లో జావెద్ ఏసీ తగ్గించి కుర్చీలో వెనక్కి వాలాడు. ఓడిపోయిన మనిషిలా లేడు.

"సరే భాయ్. మా క్లర్కు తరవాత రాసిండు. తప్పే. రేపు మేమే ఒప్పుకుంటం."

"తేదీ మార్చి రాసుడు తప్పు కాదు, నేరం."

"అది క్లర్కు చూసుకుంటడు. నీ కేసు గురించి మాట్లాడు. గడువు ఎప్పటి నుంచి? ఉత్తర్వు సంగతి ఆమెకు తెలిసినప్పటి నుంచి అని మా వకీలు వాదిస్తడు. ఎప్పుడు తెలిసింది?"

"ఇరవై ఆరున."

"ఆమె చెప్పిందా?" జావెద్ నవ్వాడు. సొరుగులోంచి ఒక ప్రింటు తీసి ముందుకు తోశాడు. అక్టోబరు ఏడు సాయంత్రం నాలుగూ పన్నెండుకు సూపర్‌వైజర్ వాణి ఫోన్ నుంచి కాశమ్మ ఫోన్‌కు ఉత్తర్వు ఫోటో వెళ్లింది. ఎనిమిదో తేదీ ఉదయం ఆరున్నరకు అటు నుంచి ఒక వాయిస్ మెసేజ్ వచ్చింది.

"విను." తన ఫోన్‌లో నొక్కాడు.

కాశమ్మ గొంతే. ఏడ్చి ఏడ్చి బొంగురుపోయిన గొంతు. "మేడం, కాగితం చదివించుకున్నాను. దండం పెడతాను, ఇది ఎవరికీ చెప్పొద్దు మేడం. మా వాళ్లకు తెలిస్తే నేను తలకాయ ఎత్తుకోలేను."

జావెద్ ఇంకోసారి నొక్కబోయాడు.

"చాలు," అన్నాడు సంజీవ్.

"ఎనిమిది నుంచి లెక్కేస్కో. నలభయ్యో రోజు. పది రోజులు లేటు. నీ రూమ్ నంబరు, నీ ఫోటో, అన్నీ ఇంటికి తీస్కపో. నీ మనిషే నీకు ఝూట్ చెప్పింది భాయ్."

సంజీవ్ పొద్దున ఆ చున్నీ అంచును చూసి కూడా వదిలేశాడు. రిజిస్టరు పట్టుకోవాలన్న తొందరలో, జావెద్‌ను ఓడించాలన్న ఉబలాటంలో, మనిషిని అడగడం మర్చిపోయాడు.

*

మూడు గంటలకు కాశమ్మ మళ్లీ అదే కుర్చీలో కూర్చుంది.

"ఎనిమిదో తారీఖు పొద్దున ఆరున్నరకు వాణి మేడానికి ఏం చెప్పిన్రు?"

ఆమె తన అరచేతుల వైపు చూసుకుంది.

"అబద్ధం చెప్పినాను సారూ."

"ఎందుకు?"

"తెలిసి గూడా నెల దినాలు ఊరికే కూచున్నానని చెప్పేదానికి మొగం చెల్లలేదు. కొట్టింది కాబట్టే ఊరికే ఉండింది అంటారు గదా." చున్నీతో ముఖం తుడుచుకుంది. "ఆమెకు ఆరేండ్లు నేనే స్నానం చేయించినాను. గోడకున్న కడ్డీ ఊగుతాంది, బిగించండని రెండుసార్లు చెప్పినాను. ఆ పొద్దు అది ఊడి చేతికొచ్చింది. పడిపోతాంటే నేను ఆమె చేతి రెట్ట పట్టుకున్నాను. ఆ పట్టుకున్న గుర్తులే కొట్టిన గుర్తులని రాసినారు. దొంగతనం అని రాసింటే ఓర్చుకుందును. ముసలామెను కొట్టింది అంటే ఎవరికని చెప్పేది? గోడ తట్టు మొగం పెట్టుకోని పండుకున్నాను. ఆరు దినాలు."

ఆ అంకె దగ్గర సంజీవ్ ఆగాడు.

"ఆరు దినాలు. తర్వాత?"

ఆమె చున్నీ అంచును మళ్లీ వేలికి చుట్టుకుంది.

"నెలంతా అనలేదు మీరు. ఆరు దినాలన్నరు. ఆరో రోజు ఏం చేసిన్రు?"

"ఒకరికి ఫోన్ చేసినాను."

"ఎవరికి?"

"ఇడిసిపెట్టండి సారూ."

"రేపు జడ్జి ఇదే అడుగుతడు. ఎవరికి చేసిన్రు?"

"మీకే," అంది కాశమ్మ.

సంజీవ్ పెన్ను కింద పెట్టాడు.

"కాశమ్మను, మబేలా ముసలోళ్ల సెంటర్ నుంచి మాట్లాడతాండా అన్నాను. అంతే అన్నాను. 'ముసలోళ్ల మీద చెయ్యి చేసుకున్నోళ్ల కేసులు మేం ముట్టం' అని పెట్టేసినారు. కొట్టినానన్న మాట నేను ఎత్తనే లేదు సారూ. అప్పటికే మీదాకా వచ్చేసిందనుకున్నాను. మస్కట్‌లో తెలుగోళ్లందరికీ తెలిసిపోయిందనుకున్నాను. ఇంక ఎవరికీ చేయలేదు. రూమ్ గూడా పోయినాక ఇంకో దిక్కు లేక ఈ మేడం దగ్గరికే వచ్చినాను."

సంజీవ్ ఆఫీసు ఫోన్ అందుకున్నాడు. కాల్స్ పట్టికను వెనక్కి, ఇంకా వెనక్కి జరిపాడు. అక్టోబరు పదమూడు, ఉదయం పదకొండూ ఏడు. కాశమ్మ నంబరు. నలభై ఎనిమిది సెకన్లు.

దానికి ముందు వచ్చిన కాల్ మీద అతని చూపు ఆగిపోయింది. పదీ యాభై ఒకటి. జావెద్. ఆరు నిమిషాలు.

అప్పుడు గుర్తొచ్చింది. ఏదో పాత ఫైలు గురించి మొదలుపెట్టి, మాటల్లో మాటగా అన్నాడు జావెద్. మా దగ్గర ఒక ఆయా ముసలామెను కొట్టింది భాయ్, వకీళ్ల కోసం తిరుగుతోంది, మీ ఆఫీసు పేరు చెడగొట్టుకోకు. సంజీవ్ నవ్వాడు. అవతలివాడి మెప్పు కోసం ఒక మాట కూడా అన్నాడు. పదహారు నిమిషాల తరవాత ఫోన్ మోగితే అవతలి మనిషిని పూర్తిగా మాట్లాడనివ్వలేదు. మధ్యాహ్నానికి మర్చిపోయాడు.

"మా నంబరు మీకు ఎవరిచ్చిండ్రు?"

"వాణి మేడమే. తెలుగు మాట్లాడే లాయరాఫీసు ఏదన్నా ఉందా అని అడిగితే ఇచ్చింది."

వాణి ఈమెకు నంబరు ఇచ్చి, ఆ సంగతి జావెద్‌కు చెప్పి ఉండాలి. జావెద్ ముందుగానే తలుపు మూయించాడు. ఆ తలుపు మూసిన చెయ్యి మాత్రం సంజీవ్‌దే.

"నవంబరులో ఇక్కడికి వచ్చినప్పుడు నన్ను గుర్తుపట్టలేదా?"

"మీరు ఒక్క మాట మాట్లాడంగానే గొంతు గుర్తుపట్టినాను."

"మరి ఎందుకు చెప్పలేదమ్మా?"

"చెప్తే మీరు తలకాయ దించుకుంటారు. అది ఎట్లుంటాదో నాకు తెలుసు గదా సారూ."

సంజీవ్ తల దించుకున్నాడు. ఇన్నాళ్లూ అతను ఈమెను అడిగిన ప్రశ్న ఒక్కటే, ఎంక్వైరీ అన్నప్పుడే ఎందుకు రాలేదని. నవంబరు నుంచి కనీసం పదిసార్లు, ఒకసారి విసుక్కుని కూడా అడిగాడు. ఆమె ప్రతిసారీ ఏదో ఒకటి చెప్పి, తప్పు తన మీదే వేసుకుని వెళ్లిపోయింది.

*

సఫియా అంతా విన్నది. ఆమె కోప్పడితే బాగుండుననిపించింది సంజీవ్‌కు. ఆమె కోప్పడలేదు.

"ఇది రేపు చెబితే, ఆలస్యానికి నా ఆఫీసే కారణమని నేనే ఒప్పుకున్నట్టు."

"అవును మేడం."

"చెప్పకపోతే?"

"ఆమెకు ఎనిమిదో తేదీనే తెలుసని వాళ్ల దగ్గర రుజువుంది. ఆలస్యానికి కారణం చూపించకపోతే ఫైలు మూస్తారు."

"కాల్ వచ్చిందని చూపించగలం. జావెద్ ఆ ఆరు నిమిషాల్లో ఏం చెప్పాడో ఎలా చూపిస్తావు?"

"నా మాటే మేడం."

"క్లయింటును గట్టెక్కించడానికి ఆఫీసు మనిషి అల్లిన కథ అంటారు."

"అననివ్వండి. నా పేరు సాక్షుల్లో రాయండి."

ఆమె కంప్యూటర్ వైపు తిరిగింది. నాలుగు గంటలకు అదనపు సాక్షిగా సంజీవ్ పేరు కోర్టుకు వెళ్లింది. ఆ కాపీ అవతలి పక్షానికీ వెళ్లింది.

నాలుగూ ఇరవై రెండుకు ఫోన్ మోగింది. జావెద్. సఫియా ఫోన్ బల్ల మీద పెట్టమని సైగ చేసింది. సంజీవ్ స్పీకర్ నొక్కాడు. కాశమ్మ గోడ పక్క కుర్చీలోనే ఉంది.

"సంజీవ్ భాయ్, సాక్షుల్లో నీ పేరెందుకుంది?"

"చెప్పేది ఉంది కాబట్టి."

"సోచ్‌కే చెయ్యి, ఆలోచించి. నా ఫోన్‌లో అన్ని కాల్సూ రికార్డయితయ్. ఆ రోజు ఏమన్నవో యాద్ ఉందా? 'అసొంటిదాన్ని మా మెట్లు ఎక్కనియ్య, చెప్పుతో కొట్టి పంపిస్త' అన్నవ్. నవ్వినవ్. నువ్వు బోనెక్కితే నేను అది జడ్జి ముందర పెట్టిస్త. మీ మేడం ఉంచుకుంటదా నిన్ను? ఆ ఆయా నీ మొఖం చూస్తదా? జరం వచ్చిందని చెప్పి ఇంట్లో పండుకో."

సంజీవ్ గోడ వైపు చూడలేకపోయాడు.

"పట్టుకరా," అన్నాడు.

"ఏంది?"

"ఆ రికార్డు. నేనన్నదొక్కటే కాదు, మొత్తం ఆరు నిమిషాలు. ముందు నువ్వు నాకు ఏం చెప్పినవో అది కూడా ఉంటది కదా దాంట్లో. నా దగ్గర లేనిది అదొక్కటే."

కాల్ కట్ అయ్యింది.

సఫియాకు తెలుగు రాదు. "ఏమన్నాడు? ఒక్క మాట కూడా వదలకుండా చెప్పు," అంది పెన్ను తెరిచి.

సంజీవ్ చెప్పాడు. తనన్న మాట దగ్గరికి వచ్చేసరికి ఆగాడు. నీళ్లు తాగి, ఆ వాక్యాన్ని హిందీలోకి మార్చి, చెప్పుతో సహా చెప్పాడు. ఆమె పెన్ను అక్కడ ఒక్క క్షణం ఆగింది. మళ్లీ కదిలింది.

"ఆ రికార్డు తెప్పించమని ఇప్పుడే దరఖాస్తు పెడుతున్నాను. చెరిపేస్తే?"

"ఉందని వాడి నోటితోనే చెప్పాడు మేడం. నేనూ, కాశమ్మా విన్నాం."

సఫియా టైపు చేయడం మొదలుపెట్టింది. సంజీవ్ అప్పుడు గోడ వైపు తిరిగాడు. కాశమ్మ అతన్నే చూస్తోంది. కళ్లు తడిగా ఉన్నాయి కానీ చూపు తిప్పుకోలేదు.

"రేపు అదంతా అందరి ముందర ఇనిపిస్తారా సారూ? మీరన్నది గూడా?"

"వినిపిస్తరమ్మా."

"మీకు సిగ్గు కాదా?"

"అయితది," అన్నాడు సంజీవ్. "తొమ్మిదింటికి కోర్టు గేటు దగ్గరుంట. ఆలస్యం చేయ."